పెద్ద దేశం తరఫున నేను

జీతమిచ్చేది మా ప్రభుత్వమే గానీ, నా ఉద్యోగం మాత్రం పెద్ద దేశం తరఫున మా మంత్రిగారితో పోట్లాడటం. వినడానికి ద్రోహంలా ఉంటుంది. కానీ ఉత్తర్వు ఇచ్చి మరీ నన్ను ఆ పనికి పెట్టారు. విదేశాలతో చర్చలకు ముందు మా వాణిజ్య శాఖలో రిహార్సల్ వేయడం ఆనవాయితీ. పొడవాటి బల్లకు తలుపు వైపు మంత్రిగారు, కార్యదర్శిగారు, వాళ్ళ బృందం కూర్చుంటారు. కిటికీ వైపు అవతలి దేశం వాళ్ళ వేషంలో మా సిబ్బందే కూర్చుంటారు. ఆ కిటికీ వైపు నడిమి కుర్చీ నాది. గదిలో సరిగ్గా తిరిగే ఫ్యాను ఒక్కటే, అది ఆ కుర్చీ నెత్తినే ఉంది. ఈ పనికి నేను ఒప్పుకోవడానికి అదీ ఒక కారణం.

ఆఫీసులో నా పేరు ఎప్పుడో మరిచిపోయారు. అందరూ 'అవతలి పక్షం' అనేవారు. క్యాంటీన్ ఆయన కూడా అవతలి పక్షానికి చక్కెర తక్కువ అని లోపలికి కేక వేసేవాడు. నాకు కోపం రాలేదు సరికదా, లోలోపల గర్వంగా ఉండేది. పుట్టినప్పటి నుంచి ఎవరికో ఒకరికి సర్దుకుపోతూ బతికినదాన్ని. రోజూ కాసేపు మహాశక్తిగా ఉండి, ఒక మంత్రిగారిని ఏడిపించి, ఇంటికి పోయి అంట్లు తోముకునే అదృష్టం ఎంతమందికి పడుతుంది?

ఇంతకీ ఆ దేశంలో నేను అడుగైనా పెట్టలేదు. వాళ్ళ పత్రికలు చదివాను, వాళ్ళ ప్రతినిధి బృందం నాయకురాలి వీడియోలు తిప్పి తిప్పి చూశాను. ఆవిడ ఎవరినైనా కాదనబోయే ముందు పెన్ను మూతతో బల్ల మీద టకటక కొడుతుంది. తల కాస్త పక్కకు వంచుతుంది. మీ ఆందోళన మాకు అర్థమైంది, అంటుంది. ఆ మాట వచ్చిందంటే ఇక ఆ విషయం మీద ఆశ వదులుకోవలసిందే. మొదటిసారి చూసినప్పుడే ఈ ధోరణి నాకు బాగా తెలిసినదే అనిపించింది. ఎక్కడిదా అని ఆలోచిస్తే మా అత్తగారు గుర్తొచ్చింది. నేను కాపురానికి వచ్చినప్పటి నుంచి ఆవిడ నన్ను ఒక్కసారి కూడా వద్దనలేదు. "చూద్దాంలే అమ్మాయ్" అంటుంది, అంతే. ఆ చూద్దాంలోకి వెళ్ళిన కోరిక ఏదీ ఇంతవరకు తిరిగి రాలేదు. కాబట్టి పెన్ను మూత నాయకురాలిది, మిగతా దౌత్యమంతా మా అత్తగారిది. రెండూ కలిపి కొడితే మంత్రిగారి తలప్రాణం తోకకొచ్చేది.

మంత్రిగారిది పెద్ద గొంతు, మెత్తని మనసు. మొదటి రిహార్సల్లో నూలు మీద సుంకం తగ్గించమని ఉరుముతూ మొదలుపెట్టారు. నేను పెన్ను మూత కొట్టానో లేదో, పోనీలెండి, మీకు కష్టమైతే వద్దు అనేశారు. కార్యదర్శిగారు నెత్తిన చేతులు పెట్టుకున్నారు. ఆ తర్వాత నెలల తరబడి ఆయన్ని నేను ఎండగట్టాను. ఆయన కూడా పట్టు వదలకుండా ఇంటి దగ్గర అద్దం ముందు సాధన చేసుకుని వచ్చేవారు. చివరికి ఎంత రాటుదేలారంటే, నా నోట మాట పూర్తవక ముందే సమాధానం సిద్ధం.

అసలు గొడవంతా రేవులోని క్రేన్లతో మొదలైంది. చవగ్గా వస్తున్నాయని మా వాళ్ళు వాటిని ఇంకో పెద్ద దేశం దగ్గర కొన్నారు. ఆ రెండు దేశాలకూ ఒకరినొకరు చూస్తే పడదు. ఈ పెద్ద దేశానికి ఒళ్ళు మండి, మా నూలు, చక్కెర, చెప్పులు, ఇంకా చేతికందిన సరుకులన్నిటి మీదా గంపగుత్తగా సుంకం పెంచేసింది. వీళ్ళను మంచి చేసుకుందామంటే వాళ్ళు మూతి ముడుచుకుంటారు, వాళ్ళను బుజ్జగిస్తే వీళ్ళు అలుగుతారు. కరవమంటే కప్పకు కోపం, విడవమంటే పాముకు కోపం. చిన్న దేశంగా పుట్టడమంటే ఇద్దరు తోడికోడళ్ళున్న ఇంట్లో మూడో కోడలై రావడమే.

చెప్పులన్నాను కదా, నా పీకల మీదికి వచ్చింది అక్కడే. మా చెల్లిది చెప్పుల ఫ్యాక్టరీ. ఫ్యాక్టరీ అంటే ఒక రేకుల షెడ్డు, రబ్బరు అడుగులు కోసే ఒక యంత్రం, వరసగా కుట్టు మిషన్లు, గుమ్మం దాకా జిగురు వాసన. అక్కడ కుట్టిన చెప్పులు చాలావరకు పెద్ద దేశానికే వెళ్ళేవి. సుంకం పెరిగాక ఆర్డర్లు తగ్గాయి, సగం మిషన్ల మీద గుడ్డలు కప్పేసింది. ఈ చర్చల్లో సుంకం పోతే ఆ గుడ్డలు తీస్తుంది. పోకపోతే మిషన్లన్నీ అమ్మేసి షెడ్డుకు తాళం వేస్తుంది. కొనేవాడు అప్పటికే వచ్చి టేపు పెట్టి కొలతలు తీసుకుపోయాడు.

మరి రిహార్సల్లో చెప్పుల వంతు వచ్చినప్పుడు నేనేం చేయాలి? చెల్లెలి ముఖం చూసి మెత్తబడితే, రేపు అసలు వాళ్ళ ముందు మంత్రిగారు బోర్లా పడతారు. పైగా పక్షపాతం అనే మాట నా మీద పడకూడదు. అందుకని మిగతా సరుకుల కంటే చెప్పుల మీదే రెట్టింపు గట్టిగా పట్టుబట్టాను. సుంకం తీసేస్తే మా పెద్ద దేశంలో చెప్పులు కుట్టే కార్మికుల గతేమిటండీ అని అడిగాను. వాళ్ళకొక సంఘం పెట్టాను. సంఘానికొక నాయకుణ్ణి పెట్టాను. ఆలూ లేదు చూలూ లేదు, కొడుకు పేరు సోమలింగం అన్నట్టు, ఆ లేని నాయకుడికి మోకాలి నొప్పి కూడా తగిలించాను. ఆ మోకాలితోనే పార్లమెంటు మెట్ల మీద ధర్నాకు కూర్చున్నాడని చెప్పేటప్పటికి మంత్రిగారి కళ్ళు చెమర్చాయి. మర్నాడు టీ తాగుతూ, ఆయనకు మోకాలు ఎలా ఉందమ్మా అని అడిగారు.

ఇదంతా చూసి కార్యదర్శిగారు తేల్చేశారు. చెప్పులు గెలవడం మన వల్ల కాదు, అడిగినట్టు అడిగి వాళ్ళు కాదనగానే ఊరుకుందాం, ఆ పట్టు నూలు మీద చూపిద్దాం అన్నారు. ఆ సాయంత్రం చెల్లి దగ్గరికి వెళ్ళి, పెద్దగా ఆశ పెట్టుకోవద్దని నసిగాను. దానికి నా ఉద్యోగం సంగతి తెలుసు. చేతిలో ఉన్న చెప్పు కింద పెట్టి నా వైపు తిరిగింది.

"వాళ్ళు కాదన్నారంటే ఏడ్చి ఊరుకుంటాను. నువ్వు కాదంటే ఎలాగే అక్కా?"

అది నాటకమనీ, అసలు వాళ్ళు ఇంతకంటే కఠినులనీ, నేను మంచికే చేస్తున్నాననీ ఏవేవో చెప్పాను. అది విన్నట్టే విని, మర్నాటి నుంచి నాతో మాట్లాడటం మానేసింది. నేను ఇంటికి వచ్చి మా అత్తగారి దగ్గర కళ్ళు తుడుచుకుంటే ఆవిడ నా తల నిమిరి చూద్దాంలే అంది. దాంతో నాకు ఇంకా భయం వేసింది.

అసలు చర్చల రోజు వచ్చింది. పొద్దుటి నుంచి ఆఫీసంతా పెళ్ళివారిల్లులా ఉంది. కొత్త తివాచీ పరిచారు, అది గుమ్మం దగ్గర పైకి లేస్తూంటే ఇద్దరు డ్రైవర్లను దాని మీద నిలబెట్టారు. ఏ జెండా ఎత్తుగా ఉందోనని కార్యదర్శిగారు గోడకు కన్ను ఆనించి మరీ చూశారు. చర్చలు మేం రిహార్సల్ వేసిన హాల్లోనే గానీ, నాకు ఆరోజు బల్ల దగ్గర చోటు లేదు. మంత్రిగారి వెనక వరసలో గోడ పక్కన ఒక మడత కుర్చీ, కాగితాలు అందించడం నా పని. సరిగ్గా నేను హాల్లోకి అడుగు పెట్టబోతుండగా చెల్లి ఫోను చేసింది. ఇన్నాళ్ళ తర్వాత మాట్లాడుతోందని ప్రాణం లేచొచ్చింది. అది ముక్తసరిగా చెప్పింది: "మిషన్లు కొనేవాడు లారీ తెచ్చాడు. సాయంత్రం దాకా ఆగమన్నాను." ఫోను పెట్టేసింది.

నా తల తిరిగిపోయింది. ఫైలు పట్టుకుని హాల్లోకి నడిచాను, కూర్చున్నాను, పెన్ను మూత తీశాను. ఫ్యాను గాలి నెత్తికి హాయిగా తగిలింది. అలవాటు పడిన కాళ్ళు యజమానిని అడగవు. ఆ కుర్చీ కిటికీ వైపు నడిమి కుర్చీ అనీ, నా ఎదురుగా ఉన్న పలక మీద పెద్ద దేశం నాయకురాలి పేరు ఉందనీ నాకు స్ఫురించేసరికి, ఆ నాయకురాలే వచ్చి నా పక్కన నిలబడి ఉంది.

ఆవిడ నన్ను చూసింది. పలకను చూసింది. పరాయి ఇంటికి వెళ్ళినవాళ్ళు కుర్చీల గురించి నిలదీయరు కదా, ఇది ఈ దేశపు మర్యాద కాబోలు అనుకుని నవ్వి, పక్క కుర్చీలో కూర్చుంది. వాళ్ళ బృందమంతా ఒక్కో కుర్చీ జరిగారు. చివరి సలహాదారుకి కుర్చీ మిగల్లేదు. ఆయన గోడ పక్కన నా మడత కుర్చీ చూసి, దాన్ని తెచ్చుకుని వేసుకున్నాడు. ఎదురుగా కార్యదర్శిగారి కనుబొమ్మలు జుట్టులోకి వెళ్ళిపోయాయి. లేద్దామని కదిలాను. ఫొటోలు తీసేవాళ్ళ కెమెరాలన్నీ మా మీదే ఉన్నాయి. కదలొద్దని ఆయన కళ్ళతోనే బతిమాలారు.

చర్చ మొదలైంది. నాయకురాలు మాట్లాడుతుంటే ఆవిడ దుబాసీ మా భాషలో చెబుతున్నాడు. మొదటి మాటే క్రేన్ల మీద. మంత్రిగారు శ్రద్ధగా విన్నారు, తలాడించారు, ఆ తర్వాత నా వైపు తిరిగి ఎదురుచూశారు. పాపం, ఆయన నెలల తరబడి పోట్లాడింది నాతోనే, ఈ కొత్తావిడ ఎవరో ఆయనకు తెలియదు. నేను కళ్ళు దించుకున్నాను. ఆయనకు గొంతులో వెలక్కాయ పడింది. నాయకురాలు పెన్ను మూతతో బల్ల మీద టకటక కొట్టడం మొదలుపెట్టింది. నేనూ కొడుతున్నాను. ఇద్దరం ఒకే తాళంలో కొడుతున్నామని తెలిసి ఆవిడ నా చేతి వైపు చూసింది, నేను ఆవిడ చేతి వైపు చూశాను. అప్పుడు నా నోరు దానంతటదే తెరుచుకుంది.

"క్రేన్లు వాళ్ళ దగ్గర కొంటారు, చక్కెర తెచ్చి మాకు అమ్ముతామంటారు. ఇదెక్కడి న్యాయమండీ?"

కార్యదర్శిగారు కళ్ళు మూసుకున్నారు. దుబాసీ క్షణం తడబడి, మాట మాటే కదా అని, నేనన్నది నాయకురాలి చెవిలో చెప్పాడు. ఆవిడ నెమ్మదిగా తల ఊపింది. తను మర్యాద కోసం చుట్టూ తిప్పుతున్న మాటను ఎవరో టపీమని అనేసినందుకు హాయిగా ఉన్నట్టుంది. ఎదురుగా మంత్రిగారి ముఖం వెలిగిపోయింది.

"క్రేన్లు ఎవరివైతేనేమమ్మా? అవి దించేది మీ సరుకే. మీ ఓడలు ఇదివరకు వారం రోజులు మా రేవులో తుప్పు పట్టేవి. ఇప్పుడు వచ్చిన రోజే వెళ్ళిపోతున్నాయి. లాభం ఎవరికంటారు?"

నాయకురాలు పకపకా నవ్వింది. ఆ నవ్వు నేను చూసిన ఏ వీడియోలోనూ లేదు.

అంతే, ఇక పగ్గాలు లేవు. నేను అడ్డుపుల్ల వేయడం, మంత్రిగారు విరవడం. చక్కెర మీద సుంకం తగ్గింది. నూలు వచ్చేసరికి నాకు పూనకమే వచ్చింది. పెద్ద దేశం సలహాదారు ఒకాయన తన కాగితం నా ముందుకు జరిపి, ఒక అంకె మీద వేలు పెట్టాడు. ఆ అంకెతో మా సొంత మంత్రిగారిని ఒక్కటి వేశాను. ఆయన దాన్ని ఒడుపుగా పట్టుకుని తిరిగి నా మీదికే విసిరారు. మంత్రిగారి వెనకున్న మా వాళ్ళలో ఎవరో చప్పట్లు కొట్టబోయి ఆపుకున్నారు. పరాయి దేశం తరఫున ఓడిపోతూ, నా దేశం తరఫున సంబరపడుతూ, నాకు ఒళ్ళు తేలిపోతోంది. నూలు మీద సుంకం సగానికి దిగింది.

టీ విరామంలో కార్యదర్శిగారు నన్ను వసారాలోకి లాక్కెళ్ళి, మీరు ఎవరి జీతం తింటున్నారో గుర్తుందా అని పళ్ళ బిగువున అడిగారు. వెంటనే ఇటు మారిపోతానన్నాను. వెనకే వచ్చిన మంత్రిగారు ససేమిరా అన్నారు. "ఈవిణ్ణి కదిపితే నాకు నోరు పెగలదయ్యా." ఇంతలో దుబాసీ వచ్చి వంగి ఒక విన్నపం చేశాడు. ఆ మేడమ్ గారిని తమ పక్కనే ఉండనివ్వమని నాయకురాలు కోరుతున్నారట, ఆవిడ ఉంటే పని త్వరగా తెములుతోందట. ఏ కుర్చీ ఎక్కడుండాలో శాసించడమే వృత్తిగా బతికిన కార్యదర్శిగారు ఖాళీ కప్పును కాసేపు తాగారు.

విరామం తర్వాత చెప్పులు వచ్చాయి.

అడిగినట్టు అడిగి ఊరుకోవాలన్న సంగతి మంత్రిగారికి గెలుపు మత్తులో గుర్తు లేదు. చెప్పుల షెడ్లలో పని చేసే ఆడవాళ్ళ గురించి, మూలపడ్డ మిషన్ల గురించి గుక్క తిప్పుకోకుండా చెప్పారు. ఎక్కడా ఆపకుండా, రిహార్సల్లో కంటే ఎంతో బాగా చెప్పారు. చెప్పి, రా చూసుకుందాం అన్నట్టు నా వైపు తిరిగారు. నాయకురాలు కూడా నా వైపు తిరిగింది. మంచినీళ్ళ గ్లాసు నా దగ్గరికి జరిపింది, తాగి మొదలుపెట్టమని. రెండు దేశాలు నా ముఖంలోకి చూస్తున్నాయి. మోకాలి నొప్పి నాయకుడు నాలుక చివరనే ఉన్నాడు. పిలిస్తే పలుకుతాడు. కానీ గుడ్డలు కప్పిన మిషన్లు, షెడ్డు ముందు నిలబెట్టిన లారీ నా కళ్ళ ముందు కదిలాయి. ఇక నా వల్ల కాలేదు.

"దీని మీద నేను మాట్లాడలేనండి. మా చెల్లిది చెప్పుల ఫ్యాక్టరీ."

లేచాను. నాయకురాలి పేరున్న పలకను తీసి ఆవిడ ముందు పెట్టాను. బల్ల చుట్టూ తిరిగి మా వాళ్ళ వైపు వచ్చాను. అక్కడ నాకు కుర్చీ లేదు, గోడకు ఆనుకుని నిలబడ్డాను. ఇటువైపు నుంచి ఆ బల్లను చూడటం నాకు అదే మొదలు. ఇంత ఉక్కపోతలో మంత్రిగారు రోజూ ఎలా కూర్చున్నారో అనిపించింది.

దుబాసీ నా మాటలు చెప్పాడు. నాయకురాలు కళ్ళజోడు పెట్టుకుని కాగితాలు తిప్పింది. ఒకసారి తిప్పింది, మళ్ళీ మొదటి నుంచి తిప్పింది. సలహాదారుని అడిగింది. ఆయన తన కాగితాలు తిప్పి, మడత కుర్చీ ఆయన్ని అడిగాడు. ఆయన భుజాలెగరేశాడు. ముగ్గురూ తలలు దగ్గర పెట్టుకుని గుసగుసలాడారు. ఇప్పుడు తల పక్కకు వంచుతుంది, మీ ఆందోళన మాకు అర్థమైంది అంటుంది, అనుకుని నేను కళ్ళు మూసుకున్నాను. దుబాసీ గొంతు వినిపించింది.

"చెప్పుల మీద మా వాళ్ళు ప్రత్యేకంగా ఏమీ సిద్ధం చేసుకోలేదు. అభ్యంతరమేమీ లేదు, సుంకం తీసేస్తాం అంటున్నారు."

మంత్రిగారు బల్ల గుద్దారు. అలా అంటే కుదరదండీ, మా ఆడవాళ్ళ పొట్ట మీద కొట్టడం మీకు ధర్మం కాదు, అని మళ్ళీ అందుకున్నారు. కార్యదర్శిగారు ఆయన కోటు అంచు పట్టి లాగారు. ఒప్పుకున్నారు సార్, అన్నారు. ఒప్పుకున్నారా అని మంత్రిగారు. ఒప్పుకున్నారు అని ఆయన. మంత్రిగారు కాసేపు గాలి తీసిన బుడగలా కూర్చుండిపోయి, ఆ తర్వాత నిజంగానే కలవరపడి నాయకురాలిని అడిగారు.

"మరి మీ చెప్పుల సంఘం నాయకుడు ఊరుకుంటాడా అమ్మా? అసలే మోకాలు బాగాలేని మనిషి."

దుబాసీ అదీ చెప్పాడు. ఏ నాయకుడు అంది నాయకురాలు. మా వాళ్ళందరూ ఒక్కసారిగా వెనక్కి తిరిగి నన్ను చూశారు.

ఆవిడ చెప్పినదేమిటంటే, వాళ్ళ దేశంలో చెప్పులు కుట్టడం ఆవిడ తాతగారి కాలంలోనే ఆగిపోయిందట. క్రేన్ల కోపంలో ఒక్క వేటుకు అన్నిటి మీదా సుంకం పెంచారు, అందులో చెప్పులు కూడా పడిపోయాయి. కోపం తగ్గాక ఏవి తీసేయాలో ఎవరూ పట్టించుకోలేదు, ఎవరూ వచ్చి అడగనూ లేదు. అడగందే అమ్మయినా పెట్టదంటారు. మేం అడగకేం, నెలల తరబడి బల్ల గుద్ది అడిగాం. కాకపోతే నన్ను అడిగాం.

నాకు సిగ్గేసింది, ఆ వెంటనే నవ్వొచ్చింది, ఆ రెంటినీ తోసుకుని సంతోషం వచ్చింది. పడకుండా గోడ పట్టుకుని నవ్వాను. నాయకురాలు వెళ్ళేటప్పుడు నా చేయి పట్టుకుని, ఎప్పుడైనా ఉద్యోగం మారాలనిపిస్తే చెప్పమంది. చూద్దాంలెండి అన్నాను. అదేదో మంచి మాట అనుకుని ఆవిడ సంతోషంగా కారెక్కింది.

ఫోను చేయాలని కూడా తోచలేదు. దొరికిన ఆటో ఎక్కి, ట్రాఫిక్ ఆగిన చోట దిగి, చెప్పులు చేత పట్టుకుని పరిగెత్తాను. షెడ్డు ముందు లారీ తలుపు తెరిచి ఉంది. కొనేవాడు రబ్బరు కోసే యంత్రానికి తాడు చుడుతున్నాడు. చెల్లి గుమ్మంలో గోడ వైపు తిరిగి నిలబడి ఉంది. సుంకం పోయింది, మొత్తం పోయింది, అన్నాను రొప్పుతూ. అది నమ్మలేదు. మళ్ళీ చెప్పాను. అప్పుడు గబగబా లోపలికి వెళ్ళి ఒక్కో మిషన్ మీద గుడ్డ లాగి, చేతికి దగ్గరగా ఉన్నాడని కొనేవాడి మీదే పడేసింది. పాపం ఆయన గడ్డం దాకా గుడ్డలు మోస్తూ, తాడు విప్పమంటారా అని గుడ్డల మీదుగా అడిగాడు. కుట్టేవాళ్ళు నవ్వుతున్నారు, ఏడుస్తున్నారు, ఎవరో మోటారు ఆన్ చేశారు.

చెల్లి నన్ను కౌగిలించుకుంది. జిగురు చేతులతో నా ముఖం పట్టుకుని, అంత కఠినుల్ని ఎలా ఒప్పించావు, ఏమన్నావు, వాళ్ళు ఏమన్నారు అని ఊపిరాడకుండా అడిగింది. జరిగింది జరిగినట్టు చెప్పాను. వాళ్ళు కాదనలేదనీ, కాదనాలని వాళ్ళకు అసలు తోచనే లేదనీ చెప్పాను. అది నవ్వుతూ వింటున్నదల్లా మెల్లగా ఆగింది. చేతులు వెనక్కి తీసుకుంది.

"మరి ఇన్ని నెలలూ వద్దన్నదెవరే?"

అబద్ధం చెబుదామన్నా ఇంకో మనిషి కనిపించలేదు.

"నేనే" అన్నాను.

చెల్లి కాలితో ఒక స్టూలు నా వైపు జరిపి, జిగురు డబ్బా, అట్టపెట్టె నిండా రబ్బరు అడుగులు తెచ్చి నా ముందు పెట్టింది. కూర్చోమంది. అతికించమంది. నేను కూర్చుని జిగురు డబ్బా మూత తీశాను.